విడువక నిలుచుట
'పర్సిస్ట్' అను ఆంగ్ల పదమును గూర్చి కొన్ని తలంపులు

(శతాబ్ది ఉత్సవముల సందర్భమున ఉపాధ్యాయులు, సంఘ పెద్దలు, స్త్రీల మైత్రి సభ్యులు, యౌవనస్థులు కూడిన సదస్సులో చేసిన ప్రసంగ పాఠము)



శతాబ్ది ఉత్సవములలో పాటలకును, ఊరేగింపులకును, ప్రేమవిందులకును కొదువలేదు. అవన్నియు ఉండవలసినవే. అయితే నూరేండ్లు నిండిన ఇంటివారు ఒక్క గడియయైనను నెమ్మదిగా కూర్చుండి ఆలోచించుకొనుట కూడ అవసరమే. ఆ గడియను నిర్వాహకులు మాకు అప్పగించి, ఏదైన ఒక మాటను తీసికొని మాటలాడుడని కోరిరి. మేము ఒక ఆంగ్ల పదమును ఎన్నుకొంటిమి. తెలుగు సభలో ఆంగ్ల పదమేల యని మీరు అడుగవచ్చును. ఈ పదము మన పిల్లల ప్రగతి పత్రములలో నున్నది, వైద్యుల చీటీలలో నున్నది, కోర్టు కాగితములలో నున్నది. సంస్థల చరిత్రలు వ్రాయువారు తమ పూర్వులను పొగడుటకు మొదట వెదకు మాటయు ఇదియే. ఆ పదము 'పర్సిస్ట్'. దానినుండి కలిగిన నామవాచకము 'పర్సిస్టెన్స్', విశేషణము 'పర్సిస్టెంట్'.

దీనిని మంచి మాటయని తలంచి మనము వాడుచున్నాము. అది ఎల్లప్పుడును మంచి మాటయేనా? మన ముందున్న ప్రశ్న ఇదియే.

మాట పుట్టుక

లాటిను భాషలో 'సిస్తెరె' అను క్రియ కలదు. నిలుచుట, నిలువబెట్టుట అని దాని భావము. దాని ముందు 'పెర్' అను ఉపసర్గ చేరినప్పుడు ఆసాంతము నిలుచుట, కడవరకు నిలుచుట అను అర్థము వచ్చును. అదియే ఆంగ్లములో 'పర్సిస్ట్' అయినది.

ఈ క్రియకు ఆంగ్లములో పెద్ద కుటుంబమున్నది. ప్రక్కన నిలుచుట 'అసిస్ట్', అనగా సహాయము చేయుట. ఎదురుగా నిలుచుట 'రెసిస్ట్', అనగా ప్రతిఘటించుట. ఒకదానిమీద నిలుచుట 'ఇన్సిస్ట్', అనగా ఇదియే కావలెనని పట్టుబట్టుట. కలిసి నిలుచుట 'కన్సిస్ట్'. వెలుపలికి వచ్చి నిలుచుట 'ఎగ్జిస్ట్', అనగా ఉనికి కలిగియుండుట. నిలిచిన చోటనుండి తొలగి నిలుచుట 'డెసిస్ట్', అనగా మానుకొనుట. వీరందరు ఒక తల్లి పిల్లలే. అందరును నిలుచువారే. ఎక్కడ నిలిచిరి, ఎవరి ప్రక్క నిలిచిరి అను దానినిబట్టి వారి గుణములు వేరైనవి. ఈ సంగతిని జ్ఞాపకముంచుకొందము.

వాడుక

ఈ పదమునకు ముఖ్యముగా మూడు వాడుకలు కలవు.

మొదటిది మనస్సు లేని వాటి విషయములోనిది. జ్వరము తగ్గక నిలిచినయెడల వైద్యుడు ఈ మాటను వాడును. దగ్గు మందు సీసాను త్రిప్పి చూడుడు. లక్షణములు పోనియెడల వైద్యుని దర్శించుడని చెప్పుచోట ఈ మాట యుండును. ముసురు విడువనప్పుడు, పుకారు అణగనప్పుడు, గదిలో వాసన పోనప్పుడు ఇదే మాట. ఇందులో మెప్పును లేదు, నిందయు లేదు. పోవలసినది ఇంకను పోలేదని మాత్రమే భావము.

రెండవది మనుష్యుల విషయములో నిందగా వాడునది. వద్దన్నను మాననివాడు, సాక్ష్యము ఎదుట పెట్టినను కాదని బొంకువాడు, తప్పని తెలిసినను ఆ దారినే పోవువాడు, వీరందరికి ఆంగ్లేయులు ఈ మాటనే వాడుదురు. మూడవది మెప్పుగా వాడునది. పలుమార్లు ఓడిపోయియు మరల ప్రయత్నించు విద్యార్థి, తరములు గడచినను ఆశ విడువని ప్రజలు ఈ మాటకు పాత్రులే.

కావున ఇది రంగులేని నీటివంటి మాట. ఏ పాత్రలో పోసిన ఆ రంగు కనబడును.

ఆంగ్లము బోధించు ఉపాధ్యాయులు ఇక్కడ చాలమంది యున్నారు గనుక వ్యాకరణమును గూర్చి ఒక్క మాట. మన పిల్లలు తరచుగా 'పర్సిస్ట్ టు డూ' అని వ్రాయుదురు. 'పర్సిస్ట్ ఇన్ డూయింగ్' అనుట సరియైనది. కష్టమైన పనిని విడువక సాగించు సందర్భములో 'పర్సిస్ట్ విత్' అనియు అందురు. 'ఇన్సిస్ట్' అను దానికైతే 'ఆన్' చేర్చవలెను. ఈ 'ఇన్' అను చిన్న మాట పిల్లలకు మార్కులు పోగొట్టునది మాత్రమే కాదు. అది ప్రతివానిని నిలిపి ప్రశ్నించును. నీవు విడువక నిలిచితివి, సరే. దేనియందు నిలిచితివి?

వృక్షశాస్త్రము చెప్పు ఉపాధ్యాయులు ఇదే విశేషణమును ఇంకొక చోట వాడుదురు. పువ్వు కాయగా మారునప్పుడు ఆకర్షణ పత్రములు వాడి రాలిపోవును. అనేక మొక్కలలో వాటితోకూడ రక్షక పత్రములును రాలును. వంకాయలోనైతే అవి రాలవు. కాయతోకూడ పెరిగి, ముచ్చికయై దానిని అంటిపెట్టుకొని యుండును. దీనినే శాస్త్రజ్ఞులు 'పర్సిస్టెంట్' అందురు. గుత్తివంకాయ వండు తల్లులకు దీని విలువ ఎవరును చెప్పనక్కరలేదు. కాయను నాలుగు ప్రక్కల చీల్చి కారము కూరినను ముక్కలు విడిపోకుండ పట్టియుంచునది ఆ ముచ్చికయే. రంగురంగుల రేకులు రాలినవి, ముళ్లు గల ఆకుపచ్చని ముచ్చిక నిలిచినది. అది తన అందము కొరకు నిలువలేదు, కాయ కొరకు నిలిచినది.

తోబుట్టువు వంటి మాట

ఈ పదమునకు సమీపమైన మాట ఒకటి కలదు. అది 'పర్సివియర్'. దీనిలోనిదియు ఆ 'పెర్' అను ఉపసర్గయే. రెండవ భాగము 'సెవెరుస్', అనగా కఠినము, నియమముగలది. తన్ను తాను కఠినముగా నియమములో ఉంచుకొని సాగుట అని దీని భావము. జ్వరము 'పర్సిస్ట్' కావచ్చును గాని 'పర్సివియర్' కానేరదు. దొంగను గూర్చి మొదటి మాట వాడవచ్చును, రెండవ మాట హాస్యమునకు తప్ప వాడరు. 2021 ఫిబ్రవరి 18న అంగారక గ్రహముపై దిగిన అమెరికా వారి శోధన యంత్రమునకు పెట్టిన పేరు ఈ మాటనుండి కలిగినదే. ఆ పేరు సూచించినవాడు ఒక పాఠశాల విద్యార్థి.

విలియం కేరీ గారు తన్ను గూర్చి చెప్పుకొనినది ఇంతకంటె ఎక్కువ కాదు. తనకు గొప్ప ప్రతిభ లేదనియు, పట్టిన పనిని విడువక మెల్లగా సాగించుట మాత్రము తెలియుననియు ఆయన భావము. 1812 మార్చి 11న సీరంపూరు ముద్రణాలయము అగ్నికి ఆహుతియైనప్పుడు కాలిపోయిన వ్రాతప్రతులలో ఆయన వ్రాసిన తెలుగు వ్యాకరణమును ఉన్నది. ఆయన మరల వ్రాసెను. 1814లో అది అచ్చయ్యెను. తెలుగు మాటలాడు మనము ఈ సంగతిని మరువరాదు.

తెలుగులో పట్టు

మన భాషలో ఈ భావమునకు సమీపమైన మాట పట్టుదల. ఇక్కడ ఒక విశేషమున్నది. ఆంగ్ల పదములో పని చేయునది కాలు. అది నిలుచుట. తెలుగు పదములో పని చేయునది చెయ్యి. అది పట్టుకొనుట. క్రొత్త నిబంధన గ్రీకులో దీనికి సమీపమైన మాట 'హుపొమొనే'. క్రింద నిలిచియుండుట, బరువు మీద పడినను దాని క్రిందనుండి తప్పించుకొనక యుండుట అని దాని భావము. అక్కడ పని చేయునది భుజము. రోమా పత్రిక అయిదవ అధ్యాయములో శ్రమవలన కలుగునని పౌలు చెప్పినది ఇదియే. మన తెలుగు బైబిలులో దీనిని ఓర్పు అనిరి. పాత ఆంగ్ల బైబిలులో సహనమను అర్థముగల మాట వాడిరి. ఇటీవలి ఆంగ్ల తర్జుమాలు కొన్ని మనము ఇప్పుడు చెప్పుకొనిన 'పర్సివియర్' నుండి కలిగిన మాటను వాడినవి. ఒక భావమును మోయుటకు మూడు భాషలు మూడు అవయవములను ఎన్నుకొన్నవి.

పట్టు అను మాటను మన పూర్వులు ఎన్ని విధముల వాడిరో చూడుడు. ఉడుంపట్టు ఉన్నది, మొండిపట్టు ఉన్నది, మంకుపట్టు ఉన్నది. పట్టువదలని విక్రమార్కుడని మెచ్చుకొందురు. తాను పట్టిన కుందేటికి మూడే కాళ్లని ఎగతాళి చేయుదురు. రెండింటిలోను పట్టు ఒక్కటే. వేమన పట్టును గూర్చి చెప్పిన పద్యము బడిపిల్లలకు సహితము తెలియును. పట్టిన తరువాత విడువకుమను మాట అందరికి జ్ఞాపకమే గాని, పట్టకముందే ఆలోచించుకొనుమను హెచ్చరిక అందులో మొదట వచ్చునని మరచుచుందుము. అన్నిటికంటె అందమైన మాట పట్టువిడుపులు. పట్టవలసినది పట్టుట, విడువవలసినది విడుచుట తెలిసినవానిని పెద్దమనిషి అందురు. ఒక్క ఆంగ్ల పదము చెప్పలేనిది మన జంటపదము చెప్పుచున్నది.

పరిశుద్ధ గ్రంథములో

1611 నాటి ఆంగ్ల బైబిలులో 'పర్సివియరెన్స్' అను మాట ఒక్కచోట మాత్రమే వచ్చును. అది ఎఫెసీ పత్రిక ఆరవ అధ్యాయము 18వ వచనము. అచ్చట మన తెలుగు బైబిలులోనున్న మాట పట్టుదల. ఇది దేనిని గూర్చిన పట్టుదల? ఉద్యోగము సంపాదించుటను గూర్చినది కాదు, వ్యాజ్యము గెలుచుటను గూర్చినది కాదు. ఇతరుల నిమిత్తము, పరిశుద్ధులందరి నిమిత్తము విజ్ఞాపన చేయుటను గూర్చినది.

అక్కడి గ్రీకు మాటకు మూలమైన క్రియ అపొస్తలుల కార్యములు రెండవ అధ్యాయములో తొలి సంఘమును గూర్చి వచ్చును. తెలుగులో దానిని ఎడతెగక అనిరి. అదే క్రియ మార్కు సువార్త మూడవ అధ్యాయములో ఒక చిన్న దోనెను గూర్చి వచ్చును. జనులు తనమీద పడకుండునట్లు ఒక దోనెను సిద్ధముగా ఉంచుడని ప్రభువు శిష్యులతో చెప్పెను. గ్రీకులో ఆ దోనె చేయవలసిన పని, తొలి సంఘము చేసిన పని ఒకే క్రియతో చెప్పబడెను. ఆ దోనె అలలతో పోరాడలేదు, దూరప్రయాణము చేయలేదు. ఒడ్డున, పిలుపునకు అందునంత దూరములో నిలిచియుండెను. దానిలో ఆయన కూర్చుండెనని ఆ వచనములో చెప్పబడలేదు. అవసరమైనయెడల ఉండుటయే దాని పని.

లూకా సువార్తలో ప్రభువు చెప్పిన రెండు ఉపమానములు మన అంశమునకు ముఖ్యమైనవి. పదునొకండవ అధ్యాయములో అర్ధరాత్రి స్నేహితుని తలుపు తట్టినవాడు కనబడును. అతడు అడిగిన తీరును తెలుగు బైబిలు సిగ్గుమాలి అను మాటతో చెప్పినది. గ్రీకు పదమునకు సరియైన అర్థము అదియే. అయితే అతడు సిగ్గు విడిచినది ఎవరి ఆకలి కొరకు? తన ఆకలి కొరకు కాదు. ప్రయాణమై వచ్చిన అతిథి ఆకలి కొరకు.

పదునెనిమిదవ అధ్యాయములో అన్యాయస్థుడైన న్యాయాధిపతియు విధవరాలును కనబడుదురు. న్యాయాధిపతి తనలో తాను అనుకొను మాటలలో గోజాడుట అను పదమున్నది. గ్రీకు పదము ఇంకను గట్టిది. కంటి క్రింద దెబ్బ కొట్టుట అని దాని మూలార్థము, ముష్టియుద్ధము చేయువారి మాట. పౌలు తన శరీరమును నలగగొట్టుటను గూర్చి చెప్పినప్పుడు ఆ మాటనే వాడెను. ఆయుధము లేని విధవరాలు అంతటి అధికారి కంటి క్రింద కొట్టగలిగెను. ఆమె చేతిలోనున్నది మరల వచ్చుట ఒక్కటే.

తలుపునకు ఇరుప్రక్కల

ఈ ఉపమానమును మనము ఆమె ప్రక్కనుండియే ప్రసంగించుచుందుము. ఇప్పుడు మన ఆంగ్ల పదమును చేతపట్టుకొని మరల చదువుడు. విడువక నిలిచినది ఎవరు? విధవరాలు నిలిచెను, నిజమే. న్యాయాధిపతియు కొంతకాలము ఒప్పుకొనక నిలిచెను. ఆమె అడుగుటయందు నిలిచెను, అతడు వినకుండుటయందు నిలిచెను. ఇద్దరికిని ఒకే ఆంగ్ల పదము సరిపోవును. ఒకరు తలుపు వెలుపల, ఒకరు తలుపు లోపల. అంతే భేదము.

బెర్ట్రండ్ రస్సెల్ అను ఆంగ్ల తత్వవేత్త 1948లో బి.బి.సి. రేడియోలో ఇట్టి సంగతినే చమత్కరించెను. ఒకే గుణమును నాలో ఉన్నప్పుడు స్థిరత్వమనియు, నీలో ఉన్నప్పుడు మొండితనమనియు, వానిలో ఉన్నప్పుడు మూర్ఖత్వమనియు పిలుచుదుమని ఆయన భావము. మన ఊరి వాడుకలో చెప్పవలెనన్న, మనది పట్టుదల, ప్రక్కింటివానిది పంతము, ఎదురింటివానిది మంకుపట్టు.

శతాబ్ది దినములలో దీనిని ఎందుకు చెప్పుచున్నాము? నూరేండ్ల క్రిందట మన తాతలు, అవ్వలు తలుపు వెలుపల నుండిరి. బడి తలుపు, బావి గట్టు, కచేరీ గుమ్మము, అన్నిటికి వెలుపలనే. అడుగుటయే వారికి తెలిసిన విద్య. నేడు మనకు బడులు, ఆసుపత్రులు, వసతి గృహములు, స్థలములు, కమిటీలు ఉన్నవి. అనగా మనకు తలుపులు ఉన్నవి. తలుపు గలవాడు లోపల కూర్చుండును. విధవరాలి మనుమలు న్యాయాధిపతి కుర్చీలో కూర్చుండుట నూరేండ్లలో జరుగగల సంగతియే. పింఛను కొరకు అయిదవసారి వచ్చిన బైబిలు స్త్రీని, మనుమరాలి సీటు కొరకు వచ్చిన కూలివానిని, పనిచేసిన నెలల జీతమును అడుగుటకు వచ్చిన ఉపాధ్యాయిని చూచి, మరల వచ్చినారా అను మాట నోట వచ్చిన దినమున మనము తలుపునకు ఏ ప్రక్కనున్నామో తెలిసికొనవలెను.

కావున ఈ పదమును పొగడుటకు ముందు మూడు ప్రశ్నలు అడుగుదము.

దేనియందు?

మొదటి ప్రశ్న ఆ 'ఇన్' అను మాట అడిగినదే. ఫరో కూడ విడువక నిలిచెను. పది తెగుళ్లు వచ్చువరకు నిలిచెను. ఇశ్రాయేలీయులను పోనియ్యకుండుటయందు నిలిచెను. అతని దృఢత్వములో లోపము లేదు, లోపమంతయు అతడు పట్టినదానిలో నున్నది.

దీనికి ప్రతిగా మన దేశములోనే జరిగిన ఒక సంగతి చెప్పుదము. మన తోటి సంఘమైన బాప్టిస్టు మిషను నెల్లూరులో 1840లో స్థిరపడెను. ఫలము కనబడలేదు. ఈ పనిని మూసివేయుదమా అని 1853లోను, 1862లోను అమెరికాలో చర్చించిరి. పటములో ఒంటిగానున్న ఆ స్థానమునకు ఒంటరి నక్షత్రమను పేరు వచ్చెను. 1854 జనవరి 1 వేకువను జూవెట్ దంపతులును, ముగ్గురు తెలుగు విశ్వాసులును, మొత్తము అయిదుగురు, ఒంగోలు కొండమీద ప్రార్థించిరి. 1876–78 నాటి మహా కరవులో క్లౌ గారు బకింగ్‌హాం కాలువ త్రవ్వకములో కొంత పని తీసికొని వేలమందికి కూలి చూపిరి. 1878 జూలై 3న గుండ్లకమ్మ యేటిలో ఒక్క దినమున 2,222 మంది బాప్తిస్మము పొందిరి.

ఈ అంకె అందరికి తెలియును. దాని వెనుకనున్న తెలుగువారి పట్టుదల అంతగా తెలియదు. తోళ్ల వర్తకము చేసిన మాదిగ సహోదరుడు యెర్రగుంట్ల పేరయ్య, ఆయన భార్య నాగమ్మ ఊరూర తిరిగి సువార్త చెప్పిరి. ఆదివారము పనికి రామనియు, జాతరలో డప్పు కొట్టమనియు చెప్పిన విశ్వాసులు ఊరి పెద్దల కోపమునకు గురియైరి. మిషనరీకి తిరిగి వెళ్లుటకు ఒక దేశమున్నది. వీరికి ఉన్నది ఆ ఊరే. బరువు క్రిందనుండి తొలగక నిలుచుట అను గ్రీకు మాటకు వారు సరియైన వ్యాఖ్యానము.

ఎవరి నిమిత్తము?

రెండవ ప్రశ్న. అబ్రాహాము సొదొమ కొరకు ఏబదినుండి పదివరకు బేరమాడెను. అది అతని ఊరు కాదు. కనాను స్త్రీ శిష్యులు విసిగినను వెంబడించినది తన కుమార్తె కొరకు. అర్ధరాత్రి వచ్చినవాడు అతిథి కొరకు. ఎఫెసీ పత్రికలోని పట్టుదల పరిశుద్ధులందరి కొరకు. గ్రంథము మెచ్చిన పట్టుదలలో ఇంకొకరి ముఖము తరచుగా కనబడుచున్నది.

విధవరాలు తన కొరకే అడిగెను గదా యని మీరనవచ్చును. నిజమే. అన్యాయము పొందినవారు తమ కొరకు అడుగుట స్వార్థము కాదు, అది న్యాయము. ఇది మన యెడల పాత కథ కాదు. 1950లో వెలువడిన షెడ్యూల్డు కులాల ఉత్తర్వు ఆ హోదాను హిందువులకు పరిమితము చేసెను. 1956లో సిక్కులకును, 1990లో బౌద్ధులకును అది వర్తించెను. దళిత క్రైస్తవుల పక్షమున 2004లో సుప్రీంకోర్టులో వ్యాజ్యము వేయబడెను. ఆ హోదాను మతముతో ముడిపెట్టరాదని రంగనాథ్ మిశ్రా కమిషన్ 2007లో సిఫారసు చేసెను. 2022లో ఈ విషయమును పరిశీలించుటకు మాజీ ప్రధాన న్యాయమూర్తి కె.జి. బాలకృష్ణన్ గారి అధ్యక్షతన కమిషన్ నియమింపబడెను. 1950లో పుట్టిన బిడ్డ 2022 నాటికి 72 ఏండ్ల వృద్ధుడు. ఇన్నాళ్లును న్యాయస్థానపు గుమ్మమునొద్ద నిలిచినవారిని ఏమని పిలువవలెనో మనకు తెలియును. అయితే ఆ గుమ్మమునొద్ద విధవరాలివలె నిలిచిన సంఘము, తన స్వంత గుమ్మమునొద్ద నిలిచినవారికి న్యాయాధిపతి కాకూడదు. వెలుపల అడుగు నోరు లోపల విను చెవి కలిగియుండవలెను.

ఏమి విడిచి?

మూడవ ప్రశ్న మన పట్టువిడుపులు అను జంటపదము అడుగుచున్నది. దీనికి మన దక్షిణ ఇండియా సంఘ చరిత్రకంటె మంచి ఉదాహరణము మాకు తెలియదు.

1919 మే నెలలో తరంగంబాడిలో కూడిన 33 మంది సేవకులు, దాదాపు అందరు భారతీయులే, సంఘములు ఏకము కావలెనని ఒక ప్రకటన చేసిరి. వారిలో ప్రముఖులు దోర్నకల్ అధ్యక్షులు అజరయ్య గారు. తిరునెల్వేలి ప్రాంతమునుండి 1909లో దోర్నకల్‌కు సేవకుడై వచ్చి, 1912 డిసెంబరు 29న కలకత్తాలో అభిషేకింపబడి, ఆంగ్లికన్ సంఘములో మొదటి భారతీయ బిషప్పయిన దైవజనుడు. 1919లో మొదలైన ఈ మాట 1947 సెప్టెంబరు 27న మద్రాసులోని సెంట్ జార్జి కథీడ్రలులో నెరవేరెను. మధ్యన 28 సంవత్సరములు గడచినవి.

ఈ 28 సంవత్సరములు ఏమి చేసిరి? కూర్చుండి మాటలాడిరి. 1929లో మొదటి ప్రణాళిక అచ్చయ్యెను. తరువాత దానిని మరల మరల దిద్దిరి. బిషప్పులు ఉండవలెనని ఆంగ్లికనుల పట్టు. బిషప్పు చేతులుంచని సేవకుల సేవయు నిజమైన సేవయేనని ఇతరుల పట్టు. ప్రెస్బిటేరియన్ సంప్రదాయము వారు దేవుడు ఏర్పరచుకొనినవారు కడవరకు తప్పక నిలుతురని 1618–19 నాటి డోర్ట్ మహాసభ కాలమునుండి బోధించుచు వచ్చిరి. 'పర్సివియరెన్స్' అను మాటకు వేదాంతములో ప్రసిద్ధి కలిగినది ఆ సిద్ధాంతము వలననే. వెస్లీ అనుచరులైన మెథడిస్టులు దానిని ఒప్పుకొనలేదు. విశ్వాసి పడిపోవచ్చును గనుక మెలకువగా ఉండవలెననిరి. కడవరకు నిలుచుటను గూర్చియే ఏకాభిప్రాయము లేనివారు కడవరకు కలిసి కూర్చుండిరి.

అప్పుడు జరిగినది మన ఆంగ్ల కుటుంబములోని మాటలలో చెప్పవచ్చును. ప్రతివాడును తన దానిమీదనే నిలుచుట, అనగా 'ఇన్సిస్ట్' చేయుట, కొంత మానిరి. అనగా కొన్నిటిలో 'డెసిస్ట్' అయిరి. ఐక్యతయందు మాత్రము 'పర్సిస్ట్' అయిరి. ఐక్య సంఘములో బిషప్పులు ఉందురని ఒక ప్రక్కవారు ఒప్పుకొనిరి. అప్పటికే సేవలోనున్నవారిని మరల అభిషేకింపకుండ స్వీకరింతుమని వేరొక ప్రక్కవారు ఒప్పుకొనిరి. చిన్నవాటిని విడిచినందున పెద్దదానిని పట్టగలిగిరి. చెయ్యి నిండుగా నున్నవాడు క్రొత్తదానిని ఎట్లు పట్టుకొనును?

అజరయ్య గారు 1945 జనవరి 1న ప్రభువునందు నిద్రించిరి. ఐక్యతను ఆయన కన్నులతో చూడలేదు. ఇంక రెండు సంవత్సరములు, తొమ్మిది నెలలు మిగిలియుండెను. నీ పట్టుదల ఫలము నీవు చూడకపోయినను నిలిచెదవా యని ఈ సంగతి మనలను అడుగుచున్నది.

ముగింపు

ప్రియులారా, రాబోవు సంవత్సరములలో ఈ శతాబ్ది సంచికను తెరచువారు మన పేర్ల ప్రక్కన విడువక నిలిచిరని వ్రాయబడియుండుట చూడవచ్చును. ఆ మాట మెప్పో నిందయో దాని తరువాత వచ్చు మాట చెప్పును. ఆస్తి తగాదాలలో ముప్పది సంవత్సరములు నిలిచిరనియు వ్రాయవచ్చును. పేదపిల్లల చదువు విషయములో ముప్పది సంవత్సరములు నిలిచిరనియు వ్రాయవచ్చును. ఖర్చయిన దినములు ఒక్కటే, చూపిన దృఢత్వము ఒక్కటే.

ఇంటికి వెళ్లిన తరువాత ఒక పని చేయుడని మా మనవి. మీరు సంవత్సరములుగా విడువక పట్టియున్న సంగతి ఏదియో ఒక కాగితముపై వ్రాయుడు. దాని క్రింద దేనియందు, ఎవరి నిమిత్తము, ఏమి విడిచి అను మూడు ప్రశ్నలు వ్రాయుడు. జవాబులో మన పేరు తప్ప మరెవ్వరి పేరును రానియెడల అది పంతమైయుండవచ్చును, విడిచిపెట్టుట మంచిది. ఆకలిగొన్న అతిథి పేరు, చదువుకొనవలసిన పిల్ల పేరు, న్యాయము పొందవలసిన విధవరాలి పేరు వచ్చినయెడల, ఎందరు విసిగికొనినను విడువకుడి. అర్ధరాత్రియైనను తలుపు తట్టుడి.

సంఘ పెద్దలకు, గురువులకు, మాకును కలిపి ఒక్క మాట. మన తలుపు తట్టినవారు మరల వచ్చినప్పుడు విసుగుకొనకుందము. వారు మరల వచ్చుచున్నంతకాలము మనయందు ఇంకను నమ్మిక యున్నదని అర్థము. వారు రావడము మానిన దినమున మనము భయపడవలెను.

ఒడ్డున సిద్ధముగా నిలిచిన ఆ చిన్న దోనెవలె, ప్రభువునకును ఆయన జనులకును పిలుపునకు అందునంత దూరములో నిలిచియుండు కృపను మన అధ్యక్ష ఖండమునకు ఆయన అనుగ్రహించునుగాక. ఆమేన్.